ధైర్యం చెప్పింది చాలు, అర్జీలు చదవండి

ఉమ్మడి వరంగల్‌లోని ఆరు జిల్లాల కలెక్టర్లకు. వైద్య ఆరోగ్య, వ్యవసాయ, రెవెన్యూ, గ్రామీణాభివృద్ధి శాఖల అధికారులకు. జిల్లా బ్యాంకర్లకు బహిరంగ లేఖ

విషయం: అప్పు, కౌలు, వరద, దవాఖాన – వీటి మధ్య మనుషులు కుంగిపోతున్న తీరు గురించి.

అయ్యా, అమ్మా,

నమస్కారం. మేం ఒకే మండలానికి చెందిన గ్రామ సమాఖ్యల, అంటే మహిళా పొదుపు సంఘాలు కలిసి ఏర్పడినవాటి సభ్యులం. అందరి తరఫున రాస్తున్న నేను ఒక సమాఖ్యలో వీవోఏని (సమాఖ్య సహాయకురాలిని). సంఘాల పుస్తకాలు రాయడం, కిస్తీల లెక్క చూడడం, బ్యాంకుకు తిరగడం నా పని. కింద రాసిన విషయాలన్నీ మీకు కొత్తవి కావు. ప్రజావాణిలో అర్జీలుగా ఇచ్చాం, రసీదులు తీసుకున్నాం. కొన్నాళ్లకు దరఖాస్తు సంబంధిత శాఖకు పంపామని ఫోన్‌కు మెసేజ్ వచ్చింది. సంబంధిత శాఖకు పోతే పైనుంచి ఏమీ రాలేదన్నారు. మళ్లీ పోతే ఆ సారు బదిలీ అయ్యారన్నారు. 2016లో జిల్లాలు విడదీసినప్పుడు కలెక్టరేటు దగ్గరికి వచ్చిందని సంతోషపడ్డాం. నిజంగానే వచ్చింది, బస్సు చార్జీ కలిసొచ్చింది. అర్జీ ఒక టేబుల్ మీంచి ఇంకో టేబుల్ మీదికి పోవడానికి పట్టే కాలం మాత్రం అంతే ఉంది.

అందుకే అందరికీ కనబడేలా రాస్తున్నాం. ఎవరి మీదా కోపం లేదు.

ఈ లేఖకు ఇంకో కారణం కూడా ఉంది. ఈమధ్య మా రైతు వేదికలో మానసిక దృఢత్వం మీద అవగాహన సదస్సు పెట్టారు. ఫ్లెక్సీ కట్టారు, సంతకాలు తీసుకున్నారు, సమోసాలు పెట్టారు. పట్నం నుంచి వచ్చిన వక్త మంచివాడు, మంచిగానే మాట్లాడాడు. కళ్లు మూసుకుని ఊపిరి మీద ధ్యాస పెట్టమన్నాడు. పాజిటివ్‌గా ఆలోచించమన్నాడు. రోజూ అరగంట నడవమన్నాడు. పొద్దంతా పత్తి ఏరి వచ్చిన ఆడవాళ్లకు ఆ చివరి మాట చెబితే వెనుక వరుసలో నవ్వులు లేచాయి. చివరికి ప్రశ్నలుంటే అడగమన్నాడు. ఒక చెల్లె లేచి, "సార్, రేపు పొద్దుగాల ఏడింటికి ఫైనాన్సు ఆయన వస్తడు. అప్పుడు ఊపిరి పీల్చుకుంట కూసుంటే కిస్తీ కట్టినట్టయితదా?" అని అడిగింది. పాపం, ఆ ప్రశ్నకు ఆయన దగ్గర జవాబెక్కడిది? అది మిమ్మల్ని అడగాల్సిన ప్రశ్న. అడుగుతున్నాం.

మా మాట ఒక్కటే. ఈ నేల మీది మనుషులకు గుండెధైర్యం తక్కువై కుంగిపోవడం లేదు. 1997-98లో పురుగు పత్తిని తినేసినప్పుడు వరంగల్ పేరు దేశమంతటా రైతుల ఆత్మహత్యల జిల్లాగా మోగింది. అప్పుడు భర్తలను పోగొట్టుకున్న ఆడవాళ్లలో ఎంతోమంది కూలికి పోయి అప్పులు కట్టారు, పిల్లలను చదివించారు, బిడ్డల పెళ్లిళ్లు చేశారు. వాళ్లకు ఏ సదస్సులోనూ ఎవరూ ధైర్యం నేర్పలేదు. 2021-22లో నల్ల తామర పురుగు మిర్చి పూతను ఎండబెట్టేసినప్పుడు కూడా చాలామంది తోట పీకేసి, మళ్లీ అప్పు తెచ్చి వేరే పంట వేశారు. దెబ్బ మీద దెబ్బ తిని నిలబడినవాళ్లే వీళ్లంతా. అయితే మనిషి నిలబడాలంటే ఆనుకోవడానికి పక్కన ఏదో ఒకటి ఉండాలి: చేబదులిచ్చే పొరుగు, సమయానికి వచ్చే లోను, దొరికే గోలీ, అర్జీ చదివే అధికారి. వీటిని ఒక్కొక్కటిగా తీసేసి, ధైర్యంగా ఉండమ్మా అంటే ఎట్లా?

ఇది మా సొంత తెలివి కాదు. నర్సింగ్ చదివే మా ఊరి అమ్మాయి తన పాఠంలోంచి ఒక సంగతి చెప్పింది. హవాయి దీవుల్లో కవాయి అనే చోట 1955లో పుట్టిన 698 మంది పిల్లలను ఎమ్మీ వెర్నర్ అనే పరిశోధకురాలు తన తోటివారితో కలిసి దశాబ్దాలపాటు గమనించింది. పేదరికం, ఇంట్లో తాగుడు, గొడవలు, ఇట్లా అన్నీ మీద పడ్డ పిల్లల్లో కూడా మూడింట ఒక వంతు మంది చక్కగా ఎదిగారట. వాళ్లకు అమ్మమ్మో, మేనత్తో, టీచరో, పక్కింటివాళ్లో ఎవరో ఒకరు చెయ్యి వదలకుండా ఉన్నారు. ప్రపంచ ఆరోగ్య సంస్థ వేసిన కమిషన్ కూడా, మైకేల్ మార్మట్ అధ్యక్షతన, 2008లో ఇదే దారిలో చెప్పింది. మనిషి పుట్టే, పెరిగే, పనిచేసే, ముసలివాడయ్యే పరిస్థితులే అతని ఆరోగ్యాన్ని చాలావరకు తేలుస్తాయని, వాటిని మార్చేది ప్రభుత్వాల నిర్ణయాలేనని. మీ శాఖల్లో పెద్ద చదువులు చదివినవాళ్లున్నారు, మాకంటే బాగా తెలిసే ఉంటుంది.

ఇక అసలు విషయాలు.

1. వారం కిస్తీలు.

అన్నిటికంటే ముందు ఇది రాస్తున్నాం. మా ఊళ్లలో మనసు చెడే పని ఇక్కడే మొదలవుతోంది.

పొద్దున ఏడింటికి ఎవరో ఒకరి వాకిట్లో చాప పరుస్తారు. పదిమంది ఆడవాళ్లు కూర్చుంటారు. ఫైనాన్సు పిల్లగాడు బైకు మీద వస్తాడు. వాడికీ టార్గెట్టు ఉంటుంది, వాడి తిప్పలు వాడివి. అందరి పైసలూ జమయ్యేదాకా ఎవరూ లేవకూడదు. ఒకరికి తక్కువ పడితే మిగతావాళ్లు వేసుకోవాలి. ఒకనాడు ఒకామె ఇత్తడి బిందె తెచ్చి చాప మీద పెట్టింది. తక్కువ పడింది నాలుగు వందలు. ఎవరూ మాట్లాడలేదు. చివరికి పక్కింటామె కొంగు ముడి విప్పి ఆ నాలుగు వందలూ వేసింది. ఆ వారం గడిచింది. తర్వాతి వారం నుంచి వాళ్లిద్దరి మధ్య మాటల్లేవు. ఒకరి పిల్లలను ఒకరు చూసుకుంటూ, ఒకరి పొలంలో ఒకరు బదులు కూలి చేసుకుంటూ బతికిన ఆడవాళ్లు వాళ్లు. ఇప్పుడు ఒకామె నల్లా దగ్గరుంటే ఇంకొకామె బయటికి రాదు.

ఈ అప్పుకు పొలం, బంగారం తాకట్టు లేదు. పొరుగువాళ్ల మధ్య ఉన్న నమ్మకమే తాకట్టు. కిస్తీ తప్పినప్పుడు జప్తు అయ్యేదీ అదే. ఇల్లు కష్టంలో పడ్డ రోజు మొదట తలుపు తట్టాల్సింది పక్కింటిదే కదా, ఆ తలుపే మూసుకుపోతోంది. రంది ఎక్కువై రాత్రిళ్లు నిద్రపట్టడం లేదని నా దగ్గరికి వచ్చి చెప్పుకునే ఆడవాళ్లలో చాలామందికి రెండు మూడు ఫైనాన్సుల్లో బాకీలున్నాయి. ఒకదాని కిస్తీ కట్టడానికి ఇంకొకటి.

2010లో ఇట్లాంటి వసూళ్ల వేధింపులతో ప్రాణాలు పోయాయని గోల లేస్తేనే అప్పటి ఉమ్మడి రాష్ట్ర ప్రభుత్వం అక్టోబర్‌లో ఈ మైక్రోఫైనాన్సు సంస్థలను అదుపు చేసే ఆర్డినెన్స్ తెచ్చింది. ఆనాటి సంగతులు మా సంఘాల్లో పెద్దవాళ్లకు బాగా గుర్తున్నాయి. ఇప్పుడు రిజర్వు బ్యాంకువి 2022 నాటి నిబంధనలున్నాయి. ఇంటి అప్పులన్నిటి కిస్తీలూ కలిపి ఆ ఇంటి నెల ఆదాయంలో సగం దాటకూడదు. పొద్దున తొమ్మిదికి ముందు, సాయంత్రం ఆరు తర్వాత ఫోన్ చేయకూడదు. ఇద్దరూ ఒప్పుకున్న చోటే వసూలు చేయాలి. చుట్టాలను, తోటివాళ్లను వేధించకూడదు. బాకీ ఉన్నవాళ్ల పేర్లు బయటపెట్టకూడదు. చదివితే ఎంత బాగున్నాయో! మా దగ్గర మాత్రం ఫోన్లు ఆరింటికే మొదలవుతాయి. లోను ఫారంలో ఆదాయం గడిలో అంకె రాసేది మేం కాదు. లోను పాసవ్వడానికి ఎంత కావాలో అంత వాళ్లే రాసుకుంటారు.

అంత మిత్తికి ఎందుకు తీసుకుంటారని అడుగుతారు, తెలుసు. విత్తనాలకు పైసలు కావాల్సింది మృగశిర కార్తెకు. సంఘం లోను బ్యాంకులో పాసయ్యేది ఒక్కో ఏడు వినాయక చవితికి.

మా డిమాండ్లు: (అ) రిజర్వు బ్యాంకు నిబంధనలు తెలుగులో పెద్ద అక్షరాలతో రాయించి ప్రతి పంచాయతీ ఆఫీసు గోడ మీద పెట్టించండి, కింద ఫిర్యాదు చేయాల్సిన నంబరు వేయించండి. (ఆ) లీడ్ బ్యాంకు మేనేజరు, గ్రామీణాభివృద్ధి అధికారి, పోలీసు అధికారి ముగ్గురూ నెలకోసారి మండలంలో కూర్చుని వసూళ్ల ఫిర్యాదులు వినాలి. (ఇ) సంఘాల బ్యాంకు లోన్లు జూన్ మొదటి వారంలోపు ఖాతాల్లో పడాలి. (ఈ) మూడు నాలుగు ఫైనాన్సుల మధ్య చిక్కుకున్న కుటుంబాల బాకీలను సంఘం ద్వారా ఒకే తక్కువ మిత్తి లోనుగా మార్చే దారి చూపించండి.

2. కౌలు రైతు కుటుంబాలు.

2018 ఆగస్టు 15న మొదలైన రైతుబీమా మంచి పథకం. ఏ కారణంతో చనిపోయినా నామినీకి 5 లక్షలు, ఎవరి చుట్టూ తిరగాల్సిన పనిలేదు. పట్టా ఉన్న కుటుంబాలు ఆ డబ్బుతో బాకీలు తీర్చి నిలదొక్కుకోవడం మేం చూశాం. సాయం సమయానికి అందితే మనుషులు లేచి నిలబడతారనడానికి వేరే సాక్ష్యం అక్కర్లేదు. కానీ పాస్‌బుక్కు ఉండాలి, వయసు 18 నుంచి 59 లోపు ఉండాలి. కౌలుకు చేసేవాడు ఏ లెక్కలోకీ రాడు. అరవై దాటినా నాగలి వదలనివాడు కూడా రాడు.

కౌలు రైతు ప్రాణం తీసుకుంటే మిగిలేది, ఆత్మహత్య చేసుకున్న రైతుల కుటుంబాలకు పరిహారమిచ్చే 2004 నాటి 421 జీవో ఒక్కటే. ఆర్డీవో, డీఎస్పీ, వ్యవసాయ సహాయ సంచాలకులు కలిసి విచారించాలి. పరిహారం 2015లో 6 లక్షలకు పెంచారు. కాగితం మీద ఉంది. రైతుబీమా వచ్చాక ఆ కమిటీ మా మండలంలోకి ఎప్పుడు వచ్చిందో చెప్పగలిగినవాళ్లు లేరు. భర్త పోయి నెల కూడా కానప్పుడు ఆమెను ఏమేం తెమ్మంటారో ఒకసారి చూడండి: ఎఫ్‌ఐఆర్, పంచనామా, పోస్టుమార్టం రిపోర్టు, కౌలు ఒప్పందం, అప్పు పత్రాలు. కౌలు నోటి మాట మీద నడిచింది. అప్పిచ్చిన ఆయన ప్రాంసరీ నోటు రాయించుకుని తన బీరువాలో పెట్టుకున్నాడు, అది బయటికి ఇవ్వడు. భూమి ఇచ్చినాయన కౌలుకు ఇచ్చానని సంతకం పెడితే భూమి పోతుందేమోనని భయపడతాడు. ఒక ఆఫీసులో ఒకామెను, "నీ భర్త రైతే అని ఏంది రుజువు?" అని అడిగారు. ఆమె అరచేతులు చూపించింది. అవి ఆమె చేతులు. ఆయన చేతులు అప్పటికే కాలిపోయాయి.

బతికున్న కౌలు రైతుదీ ఇదే గోస. పత్తిని మద్దతు ధరకు కొనే కేంద్ర సంస్థ సీసీఐకి అమ్మాలంటే ఇప్పుడు ఫోన్‌లో కపాస్ కిసాన్ యాప్‌లో స్లాట్ బుక్ చేయాలి. భూమి వివరాల కోసం, ఓటీపీ కోసం భూమి యజమానిని బతిమాలాలి. ఆయన హైదరాబాద్‌లో ఉంటాడు, ఫోనెత్తడు. తేమ పన్నెండు శాతం దాటిందని వెనక్కి పంపితే ఆ పత్తి ఏ దళారి తూకానికి పోతుందో మీకు తెలుసు. 2023 ఎన్నికల్లో కౌలు రైతులకూ పెట్టుబడి సాయం ఇస్తామని విన్నాం. అదీ చూస్తున్నాం.

కొత్త చట్టం చేయమని అడగడం లేదు. 2011లోనే కౌలుదారులకు ఏటా రుణ అర్హత కార్డు ఇవ్వాలని చట్టం వచ్చింది, ఇప్పటికీ ఉంది. ఈ వానాకాలానికి ముందే గ్రామసభలు పెట్టి ఆ కార్డులివ్వండి. కార్డు ఉన్నవారిని రైతుబీమాలో చేర్చమని ప్రభుత్వానికి మీరే రాయండి. త్రిసభ్య కమిటీ చావు జరిగిన పదిహేను రోజుల్లో ఇంటికి రావాలి. కాగితాలు తెచ్చుకునే భారం కమిటీ మీదే ఉండాలి. ఎఫ్‌ఐఆర్, పోస్టుమార్టం రిపోర్టు ప్రభుత్వం దగ్గరే ఉన్నాయి కదా, ఆమెను ఎందుకు తిప్పడం?

3. బతికి బయటపడ్డవాళ్లు.

పురుగుమందు తాగిన మనిషిని ఆటోలో వేసుకుని పోయి బతికించుకున్నాక ఊళ్లో కథ అయిపోయిందనుకుంటారు. ఆ ఇంట్లో అప్పుడే మొదలవుతుంది. దవాఖాన బిల్లుతో బాకీ ఇంకా పెరుగుతుంది. బయట తలెత్తుకోలేరు. పోలీసు కేసు అవుతుందని భయపడి కడుపునొప్పి అని చెప్పి చేర్పించినవాళ్లున్నారు, ఆ అబద్ధంతో సరైన వైద్యం ఆలస్యమవుతుంది. 2017 మానసిక ఆరోగ్య చట్టం 115వ సెక్షన్ ఏం చెబుతుందో ఊళ్లలో ఎవరికీ తెలియదు. ప్రాణం తీసుకోబోయిన మనిషి తీవ్రమైన ఒత్తిడిలో ఉన్నాడనే అనుకోవాలి, శిక్షించకూడదు. మళ్లీ అట్లా జరగకుండా వైద్యం, పునరావాసం ఇచ్చే బాధ్యత ప్రభుత్వానిదే. డిశ్చార్జి చీటీ ఇచ్చి పంపించడంతో ఆ బాధ్యత తీరిపోయినట్టేనా? డిశ్చార్జయిన వారంలోపు ఒక ఆరోగ్య కార్యకర్త ఆ ఇంటికి పోవాలి, ఏడాదిపాటు పోతూనే ఉండాలి. ఆ ఇంటి అప్పు సంగతి పైన చెప్పిన నెలవారీ కమిటీ ముందుకు రావాలి.

ఇంకొక మాట. దుఃఖం గడియసేపు మనిషిని మింగేస్తుంది, ఆ గడియ దాటితే చాలామంది బతుకుతారు. శ్రీలంక 1990ల నుంచి అతి విషమైన పురుగుమందులను ఒక్కొక్కటిగా నిషేధించుకుంటూ వచ్చింది. రెండు దశాబ్దాల్లో అక్కడ ఆత్మహత్యల రేటు మూడింట రెండు వంతులకు పైగా తగ్గింది. వ్యవసాయ శాఖ ఈ సంగతి మీద కూర్చుని ఆలోచించాలి. ఈలోగా పురుగుమందులు ఇళ్లలో కాకుండా ఊరుమ్మడిగా తాళం వేసి దాచుకునే చోటు చూపించండి. రాష్ట్రంలో 2,601 రైతు వేదికలు కట్టారు. సదస్సులు లేని రోజుల్లో అవి ఖాళీగానే ఉంటున్నాయి.

4. మనసు జబ్బుకు గోలీలు.

ఒక తల్లి సంగతి చెబుతాం. కొడుకుకు చాలా ఏళ్లుగా మానసిక జబ్బు. గోలీలు వేసుకుంటే ట్రాక్టరు పనికి పోతాడు, చెల్లెలికి ఫోన్ రీచార్జి చేయిస్తాడు, నవ్వుతాడు. ఆపితే రాత్రిళ్లు ఊరవతల తిరుగుతాడు. గోలీలు పట్నంలోని పెద్ద దవాఖానలో పదిహేను రోజులకు సరిపడా ఇస్తారు. తెల్లారి బస్సుకు బయలుదేరితే ఓపీ చీటీ, లైను, డాక్టరు, మళ్లీ మందుల కిటికీ దగ్గర లైను. కిటికీ దగ్గరికి పోయేసరికి ఒక్కోసారి స్టాకు లేదంటారు, బయట కొనుక్కోమంటారు. 2023 డిసెంబర్ నుంచి ఆడవాళ్లకు బస్సు ఉచితం కావడం ఆమెకు ఎంత మేలు చేసిందో మాటల్లో చెప్పలేం. ఆ ఒక్క నిర్ణయం మా మండలంలో ఎంతోమందిని మళ్లీ దవాఖానకు నడిపించింది. కొడుక్కి టికెట్ ఉంది, ఇద్దరి కూలీ పోతుంది, మా ఊరికి బస్సులు తక్కువ. అయినా ఆమె పోతూనే ఉంది. ఈ తల్లికి మానసిక దృఢత్వం మీద ఇంకేం పాఠం చెబుతారు?

బెంగళూరులోని మానసిక వైద్య సంస్థ నిమ్హాన్స్ 2015-16లో చేసిన జాతీయ మానసిక ఆరోగ్య సర్వేలో డిప్రెషన్, ఆందోళన లాంటి మామూలు మానసిక సమస్యలున్న నూరుమందిలో 85 మందికి వైద్యం అందడం లేదని తేలింది. ఆ సర్వే చేసిన పన్నెండు రాష్ట్రాల్లో తెలంగాణ లేదు. 2017 చట్టం 18వ సెక్షన్ ప్రకారం ప్రభుత్వ ఖర్చుతో మానసిక వైద్యం పొందడం హక్కు. అవసరమైన మందులు కమ్యూనిటీ హెల్త్ సెంటర్ నుంచి పైస్థాయి ప్రభుత్వ దవాఖానలన్నిటిలో ఎప్పుడూ ఉచితంగా దొరకాలని అందులోనే ఉంది. ఎప్పుడూ అంటే స్టాకు లేని రోజు ఉండకూడదని మేం అనుకుంటున్నాం.

నెల గోలీలు ఒకేసారి ఇవ్వండి. డాక్టరు ఒకసారి రాసిన మందులు మండల పీహెచ్‌సీలో దొరికేలా చేయండి. నెలకు ఒక రోజు మానసిక వైద్యుణ్ని మండలానికి పంపండి. అది సంత రోజు అయితే మంచిది, ఎవరూ ఎందుకొచ్చావని అడగరు. ప్రభుత్వ మానసిక సహాయ ఫోన్ సేవ టెలి మానస్ నంబరు 14416 రోజంతా తెలుగులో మాట్లాడుతుంది, పైసలు పడవు. అది ఎంతమందికి తెలుసో ఏ ఊరి అరుగు మీదైనా అడిగి చూడండి. (ఇది చదువుతున్నవారిలో ఎవరికైనా మనసు బాగోలేకపోతే ఇప్పుడే ఆ నంబరుకు ఫోన్ చేయండి. మొహమాటపడకండి.)

5. వరద పోయాక.

2023 జూలై 27న ములుగు జిల్లా లక్ష్మీదేవిపేటలో ఒక్కరోజులో 649.8 మిల్లీమీటర్ల వాన కురిసింది. మోరంచపల్లి మునిగింది. కొండాయిలో మనుషులు కొట్టుకుపోయారు. 2024 సెప్టెంబర్‌లో ఆకేరు పొంగి మహబూబాబాద్ వైపు ఊళ్లను ముంచింది, కేసముద్రం దగ్గర రైలు పట్టాల కింద మట్టి కొట్టుకుపోయింది. 2025 అక్టోబర్ చివర్లో మొంథా తుపాను వానలకు వరంగల్, హనుమకొండ కాలనీలు నీళ్లలో నిలబడ్డాయి. బియ్యం వచ్చాయి, దుప్పట్లు వచ్చాయి, నాయకులు వచ్చారు. సంతోషం. తర్వాత ఎవరూ రాలేదు.

మబ్బు పట్టగానే పిల్లలు బడి సంచులను అటక మీదికి ఎక్కించే ఇళ్లున్నాయి. ఒక ముసలాయన వాన రాత్రుల్లో వాకిట్లో కుర్చీ వేసుకుని వాగు చప్పుడు వింటూ తెల్లవార్లూ కూర్చుంటాడు. లోపలికి రమ్మంటే, మీరు పడుకోండి నేను చూస్తుంటా అంటాడు. వీళ్లకు జబ్బు అని పేరు పెట్టకముందే వాగు కట్ట గట్టిగా కట్టండి, ఊరికి సైరన్ పెట్టండి. వరద వచ్చిన ఊళ్లకు నెలకు, ఆర్నెల్లకు కౌన్సిలర్‌ను పంపండి. ఇసుక మేటలు తీయడానికి ఇచ్చే సాయం పొలం దున్నేవాడి చేతికి ఇవ్వండి.

6. బెల్టు షాపులు.

దీని గురించి ఎక్కువ రాయం. ఊళ్లో గోలీలమ్మే దుకాణం లేదు, సారా సీసాలమ్మే బెల్టు షాపులున్నాయి. అనుమతి లేనివని మీకు తెలుసు, ఎక్కడున్నాయో మాకు తెలుసు. లిస్టు రాసిస్తాం, తీయించండి.

7. ఒంటరైన ఆడవాళ్లు, వాళ్ల పిల్లలు.

భర్త పోయిన ఆడమనిషికి వచ్చే 2,016 రూపాయల పింఛను కోసం దరఖాస్తు పెట్టుకుని ఎదురుచూస్తున్నవాళ్లు మా సంఘాల్లో ఉన్నారు. చావు రిజిస్టరైన నెలలోనే పింఛను మంజూరు కావాలి. పిల్లల చదువు ఏడాది మధ్యలో ఆగిపోతోంది. గురుకులంలో చేరాలంటే వచ్చే ఏడు పరీక్ష దాకా ఆగమంటున్నారు. ఆగిన పిల్లవాడు ఆ ఏడాదిలోనే ఇటుక బట్టీకో, కోళ్ల ఫారానికో పోతాడు. ఇట్లాంటి కుటుంబాల పిల్లలకు పరీక్షతో పనిలేకుండా ఎప్పుడంటే అప్పుడు సీటు ఇచ్చేలా ప్రతి జిల్లాలో కొన్ని సీట్లు పక్కన పెట్టండి. పైన చెప్పిన కవాయి పిల్లల్లో కొందరికి అండగా నిలిచింది టీచర్లే అని మరిచిపోవద్దు.

ఇందులో మా వంతు పని కూడా ఉంది. బతుకమ్మనాడు పసుపు, బొట్టు పంచేటప్పుడు భర్త పోయిన ఆమెను దాటి పక్కావిడ దగ్గరికి పోవడం మన ఊళ్లలో ఉన్నదే. మా సమాఖ్యలో ఆ పద్ధతి ఆపేయాలని తీర్మానం రాసుకున్నాం. కొందరు పెద్దమ్మలు మూతి తిప్పారు, అయినా పోయిన బతుకమ్మకు చాలా వీధుల్లో అందరికీ పంచాం. దానికి మీ అనుమతి, బడ్జెట్టు అక్కర్లేదు కాబట్టి తొందరగా అయిపోయింది.

ఈ ఏడింటికీ ఏ అధికారి బాధ్యుడో, ఎప్పటిలోగా చేస్తారో రాతపూర్వకంగా ముప్పై రోజుల్లో జవాబివ్వాలని కోరుతున్నాం. అన్నీ ఆరు జిల్లాల్లో ఒకేసారి కావని మాకు తెలుసు. ఒక్క మండలంలో మొదలుపెట్టండి, మాదైనా సరే, పక్కదైనా సరే. చేయలేనివి ఉంటే ఎందుకు చేయలేరో అదీ రాయండి, వాటి కోసం పైవాళ్లను మేమే అడుగుతాం. జవాబు రాకపోతే జిల్లా న్యాయ సేవాధికార సంస్థకు పోతాం. ఆడవాళ్లకు అక్కడ వకీలు ఉచితం అని ఈమధ్యే తెలిసింది.

పాత అర్జీల రసీదుల జిరాక్సులు జతచేశాం. మండలానికి మనిషిని పంపేటట్టయితే ముందు రోజు చెప్పండి, అందరం ఉంటాం. ఫోన్ చేయాలంటే సాయంత్రం చేయండి. పగలు పత్తి చేనులో ఉంటాం, సిగ్నల్ అందదు.

ఇట్లు,
మండలంలోని గ్రామ సమాఖ్యల సభ్యుల తరఫున
ఒక వీవోఏ